లాకుల వీరన్న ఎడమచెయ్యి

1974 ఆగస్టు 3

చీమలు. పొద్దుటినుంచీ చీమలే. మాస్టారు పెన్సిలుతో నాలుగు చుక్కలు పెట్టి, "ఇక్కడ దండు నడవాలమ్మా సుగుణా" అనేసి బీడీ ముట్టించుకుంటారు. ఇంకు పెట్టి ఒక్కో చీమకీ కాళ్ళు అతికించేది నేను గదా! మా పిల్లల పత్రిక బొమ్మల కథలో పాకం రాయుడు ఎక్కడికి పోతే అక్కడికి చీమలు పోవాలి మరి. బెల్లం వండే పెనంలో పడి బతికి బయటపడ్డవాడు. ముట్టుకున్నదల్లా చేతికి అతుక్కుపోతుంది. దొంగకి అంతకన్నా వరం ఏముంది? కానీ ఒంట్లో తీపికి చీమలు వదలవు, వాడికి నిద్ర లేదు. విలన్ మీద కూడా అయ్యో అనిపిస్తారు మాస్టారు. ఏం బుర్రో ఆయనది. ఉయ్యూరు పక్క చెరుకుతోటల్లో పెరిగారట. అడిగితే అంతే చెప్తారు.

ఆగస్టు 6

కొత్త విలన్ వచ్చాడు. గోలీ దొర. ఖాళీ సోడాసీసా మన నోటి దగ్గర పెడతాడు, గొంతు సీసాలోకి పోతుంది, గోలీ ఎగిరి మూతికి అడ్డం పడుతుంది. ఇక మనం మూగ. వాడి ఇంట్లో అరల నిండా గొంతులే. నవ్వొకటి, జోలపాటొకటి... అబ్బ, ఎంత బాగుందో! మన హీరో వీరన్న వాటిని ఎలా విడిపిస్తాడండీ అంటే, "నాకేం తెలుసు, గీస్తే తెలుస్తుంది" అన్నారు.

ఆగస్టు 9

పత్రిక ప్రొప్రయిటర్ గారు చెప్పకుండా మా గదిలోకి వచ్చారు. గబుక్కున బ్రష్షు కుడిచేతిలోకి మార్చాను. చూడలేదు. బతికిపోయాను.

మొన్న కాఫీ హోటలాయన గ్లాసు ఎడమచేత్తో అందించాడని తాగకుండా వెనక్కి పంపిన మనిషి. నాది పుర్రచేతి వాటమని తెలిస్తే మర్నాడు నేను ఇంట్లోనే. "అన్నం తినేది కుడిచేత్తోనేగా, బొమ్మలూ అట్టాగే గియ్యరాదుటే? లేదా దాచుకుని ఏడువు" అంటుంది అమ్మ. దాచుకునే ఏడుస్తున్నాను. మాస్టారికి మాత్రం తెలుసు. చేరిన రోజే చూశారు. ఎడమచేతి నీడ కాగితం మీద పడకుండా నా బల్ల కిటికీ వైపు తిప్పించారు, అంతే.

ఆగస్టు 14

కొంప మునిగింది.

సంచిక వచ్చింది. వీరన్న గండి ఆపే పేజీకి బ్లాకు చేసేచోట ఫిల్ము తిరగేసి పెట్టారు. కింద మాటలు విడిగా కంపోజు చేసినవి కాబట్టి అవి బాగానే ఉన్నాయి. బొమ్మంతా అద్దంలోలా తారుమారు. లాకుల దగ్గర వరదలో పుట్టి, అరచెయ్యి ఆనిస్తే నీళ్ళు నిలబడిపోయే మా లాకుల వీరన్న... ఎడమచెయ్యి ఆనించి నిలబడ్డాడు!

"ఊరిని కాపాడే మనిషి పుర్రచేత్తోనా మాస్టారూ? దేవుడికి ఎడమచేత్తో హారతిచ్చినట్టు లేదూ?" అని ప్రొప్రయిటర్ గారు ఒకటే కేకలు. కట్టలన్నీ అప్పటికే రైలెక్కాయి. ఏం చేస్తారు.

నేను మాత్రం ఆ పేజీ వైపే చూస్తూ కూర్చున్నాను. ఇంకు పెట్టింది నేనే. అయినా మొదటిసారి చూసినట్టు...

ఆగస్టు 15

సెలవు. గుణదల కొండెక్కాం. మేరీమాత దగ్గర కొవ్వొత్తి ఏ చేత్తో వెలిగించానో అమ్మ చూసింది.

ఆగస్టు 19

ఏలూరు కాలవ గట్టున పిల్లలు. మోకాలి లోతులో నిలబడి అరచేతులు నీళ్ళకి ఆనిస్తున్నారు. ఒకడు కుడిచెయ్యి పెట్టాడు.

"ఒరేయ్ ఎడంచెయ్యి పెట్టరా! కుడిచేతికి ఆగవు!"

పక్కన ఓ పిల్ల నడుం మీద చెయ్యేసుకుని "నాది ఎప్పుడూ ఎడంచెయ్యేగా" అంటోంది. ఎంత గర్వమో దాని మొహంలో! బస్సు పోతే పోయిందని నిలబడి చూశాను. నా జన్మలో ఆ మాట అంత గట్టిగా అనలేదు నేను.

ఆగస్టు 20

పిల్లల సంగతి చెప్తే మాస్టారు బీడీ ఆర్పేశారు.

"రొట్టె విరిగి నేతిలో పడిందే అమ్మాయ్" అన్నారు. నా చెయ్యి చూస్తూ, "చిన్నప్పుడు నీ చెయ్యి కట్టేశారా?"

నాయనమ్మ. పాతచీర పేలిక. అన్నం దగ్గర, పలక దగ్గర నడుముకి కలిపి కట్టేది. చెప్పాను. ఎవరికీ చెప్పింది కాదు, ఎందుకు చెప్పానో.

ఆగస్టు 27

పెన్సిలు పేజీలు ఇచ్చారు. వీరన్న పుట్టుక, మళ్ళీ మొదటినుంచి. లాకుల దగ్గర పుర్రచేతి పిల్లాడు. వాళ్ళ అవ్వ పేలికతో నడుముకి కట్టేస్తుంది. ఏళ్ళ తరబడి వాడనివ్వని బలమంతా ఆ చేతిలోనే నిలవ ఉండిపోతుంది, లాకులు మూస్తే కాలవలో నీళ్ళు నిలిచినట్టు. వరదొచ్చిన రోజు పేలిక తెగుతుంది.

ఇంకు పెట్టలేకపోయాను. కళ్ళనిండా నీళ్ళు. కాగితం పాడవుతుందని లేచి వెళ్ళి పంపు దగ్గర మొహం కడుక్కున్నాను. నాకు జరిగిన చెడ్డలోంచి ఇంత మంచి తీశారే ఈ మహానుభావుడు! ఆయనకి దణ్ణం పెట్టాలనిపించింది. పెట్టలేదు. చీమలకి కాళ్ళు పెట్టాను.

సెప్టెంబరు 2

గొడవ. ప్రొప్రయిటర్ గారు పుట్టుక పేజీలు చదివి పక్కన పడేశారు.

"దసరా స్పెషల్‌లో తేల్చెయ్యండి. ఆ ఎడంచేతివాడు వీరన్న కాదు. వేషం వేసుకొచ్చిన విలన్."

"అయ్యా, పిల్లలు వాణ్ణే—"

"పిల్లలకేం తెలుసండీ!"

నాకు ఒళ్ళు మండిపోయింది. కాలవలో నిలబడ్డ ఆ పిల్లని వెళ్ళి నువ్వు విలన్ అని చెప్పాలా నేను? నోటిదాకా వచ్చింది. మింగేశాను. గోలీ దొర నా గొంతు ఎప్పుడో పట్టుకుపోయినట్టున్నాడు.

సెప్టెంబరు 3

మాస్టారు మెల్లిగా గుర్తు చేశారు. స్పెషల్‌కి మొదటి గీత ఉంటుందిగా! కొబ్బరికాయ కొట్టి, కాగితం మూలకి పసుపు రాసి, ఏజెంట్లందరి ముందూ గీయిస్తారు. ఆఫీసులో అందరికన్నా కొత్తవాళ్ళు గీయాలి. ఆ గీత ఇక చెరపకూడదు, కథంతా దాని ప్రకారమే నడవాలి. చెరిపితే పత్రికకి అరిష్టమని ప్రొప్రయిటర్ గారి నమ్మకం.

ఈసారి కొత్త నేనే.

"వీరన్నని భుజాల దాకా పెన్సిలుతో వేసి ఉంచుతాను. ఏ చెయ్యి నీటికి ఆనించాలో నువ్వు పెట్టు. ఎడమది పెట్టావా, ఇక ఆయన కూడా మార్చలేడు."

"ఏ చేత్తో గీయనండీ?"

మాస్టారు బీడీ ముట్టించుకున్నారు. అది ఆయన చెప్పేది కాదు.

సెప్టెంబరు 4

ఇంట్లో తలుపేసుకుని కుడిచేత్తో గీశాను. వీరన్న అరచెయ్యి అరటిపళ్ళ హస్తంలా వచ్చింది. మళ్ళీ. మళ్ళీ అరటిపళ్ళే. ఛీ.

ఎడమచేత్తో గీస్తే ప్రాణం ఉంటుంది. కానీ అందరి ముందూ ఎడమచెయ్యి ఎత్తితే గీత పూర్తికాకముందే ఆయన కాగితం లాగేస్తే? అది మొదటి గీతే కాదంటే? వీరన్నా పోతాడు, నా ఉద్యోగమూ పోతుంది, మాస్టారి పక్కన కూర్చునే భాగ్యమూ పోతుంది. కుడిచేత్తో గీస్తే అందరూ క్షేమం. ఆ వంకర చేతితో వీరన్న ఏ నీళ్ళు ఆపుతాడు?

అమ్మతో అంతా చెప్పేశాను. "కందకి లేని దురద కత్తిపీటకెందుకే" అంది. విసురుగా వంటింట్లోకి పోయింది.

సెప్టెంబరు 5

ఆఫీసులో, నా బల్ల దగ్గర రాస్తున్నాను. ముందుగదిలో ఏజెంట్లు. తెనాలి ఆయన గట్టిగా నవ్వుతున్నారు. పసుపు రాసిన కాగితం ఇక్కడినుంచి కనిపిస్తోంది. పసుపు కాగితానికే లెండి, మా గుణదల మాత భక్తులకి కాదు. నవ్వు రావడం లేదు.

పొద్దున బయల్దేరుతుంటే అమ్మ ఆపింది. కొబ్బరినూనె గిన్నె తెచ్చి నా ఎడమచెయ్యి పట్టుకుంది. వేలు వేలుకీ రాసి, తన కొంగుతో జిడ్డు తుడిచింది. మణికట్టు దగ్గర, నాయనమ్మ పేలిక కట్టేచోట, ఇంకాసేపు రుద్దింది. మొహం ఎత్తలేదు.

"కాగితానికి అంటదులే, పో" అంది.

కొబ్బరికాయ కొట్టారు. ప్రొప్రయిటర్ గారి గొంతు: "ఏదీ, ఆ అమ్మాయిని రమ్మనండి."

మాస్టారు గుమ్మంలో నిలబడ్డారు. చేతిలో నా బ్రష్షు. ఏ చేతికివ్వాలో తెలియనట్టు మధ్యలో పట్టుకుని ఉన్నారు.

వస్తున్నానండీ—