దిబ్బపాలెంలో ఎవరూ చావలేదు

5 సెప్టెంబరు 1960, సోమవారం. బందరు

పసిపిల్లల మరణాల మీద మా ఆఫీసు సర్వే పూర్తయింది. టేబుల్స్ అన్నీ నేనే వేశాను. ఇంకెవరికిచ్చినా కూడికలు తప్పేవి. గొప్పకి రాసుకోవడం లేదు, మా ఆఫీసులో స్టాండర్డ్ ఎర్రర్ అంటే టైపు మిస్టేకు అనుకునేవాళ్ళే ఎక్కువ.

తమాషా అంతా దివిసీమ చివర ఉన్న దిబ్బపాలెందే. సముద్రం ఒడ్డున చేపలు పట్టుకునేవాళ్ళ ఊరు. రోడ్డు లేదు, డాక్టరు లేడు. అయిదేళ్ళలో అక్కడ పుట్టిన పిల్లల్లో ఏడాది లోపు చనిపోయినవాళ్ళు సున్నా! పెద్దాసుపత్రి ఉన్న బందరులో కూడా ఇంత బాగా లేదు.

మా సెక్షన్ హెడ్ ప్రకాశరావు గారు ఆ సున్నా మీద వేలు పెట్టి చాలాసేపు చూశారు. సముద్రపు గాలి ఎస్తేరమ్మా, అంతా అయొడిన్ మహిమ అన్నారు. మధ్యాహ్నానికల్లా ఆఫీసంతా అయొడిన్ గురించే మాట్లాడుకున్నారు. నాకూ సంతోషంగానే ఉంది. అంత శుభ్రమైన కాలమ్ నేనెప్పుడూ చూడలేదు.

14 సెప్టెంబరు, బుధవారం

దిబ్బపాలెంలో మే నెలలో తెరిచిన పురుళ్ళ కేంద్రం నవంబరు ఒకటి నుంచి ఎత్తేస్తారట. అక్కడి మిడ్‌వైఫ్ సౌభాగ్యమ్మ గారిని గుడివాడ వైపు ఒక ఊరికి వేస్తారు. మా టేబుల్ ప్రకారం ఆ గుడివాడ వైపు ఊళ్ళో పిల్లలు ఎక్కువగా పోతున్నారు. పిల్లలు చావని ఊళ్ళో మిడ్‌వైఫ్ ఎందుకని ప్రకాశరావు గారి వాదన. నాకూ న్యాయంగానే తోచింది. నోట్ నేనే డ్రాఫ్ట్ చేశాను. నేను వేసిన టేబుల్‌ని బట్టి ఒక ఆర్డరు కదలడం ఇదే మొదలు.

22 సెప్టెంబరు, గురువారం

దిబ్బపాలెం వెళ్ళొచ్చాను. కొందరు తల్లుల వయసులు ఖాళీగా ఉండిపోతే నింపుకోవడానికి. అవనిగడ్డ దాకా బస్సు, ఆ తరవాత కాలవ మీద పడవ, ఆ తరవాత నా కాళ్ళు.

ఊళ్ళోకి అడుగు పెట్టగానే అంకమ్మ అనే ఆవిడ దారికి అడ్డంగా నిలబడింది. చేపలవాళ్ళ పోతురాజు భార్య. ఏడో నెల. నర్సమ్మగారిని తీసుకుపోతన్నారంట కదండీ, మరి నా పురుడు ఎవరు పోస్తారండీ అని నిలదీసింది. నేను బళ్ళో పాఠం చెప్పినట్టు చెప్పాను. మీ ఊళ్ళో పిల్లలు చావడం లేదు, ఎక్కువ చస్తున్న చోటికి ఆవిణ్ణి పంపుతున్నాం అని. ఆ మాట విని అంకమ్మ రెండు చేతులూ పొట్ట మీద పెట్టుకుంది. మీరు చదువుకున్నోరు, మీకే తెలవాలండీ అని లోపలికి వెళ్ళిపోయింది. నాకు కాస్త కోపం వచ్చింది కూడా.

తిరిగి వస్తుంటే అన్నాలవేళ. తల్లులు పిల్లల్ని కేకలేస్తున్నారు. ఒరేయ్ పెంటయ్యా. ఒసేయ్ పుల్లమ్మా. ఆ పక్కింట్లో ఇంకో పెంటయ్య. ఎదురింట్లో పెంటమ్మ. వీళ్ళకి వేరే పేర్లే దొరకలేదా అని నవ్వుకున్నాను.

పడవలో కూర్చున్నాక నా నవ్వు ఆగిపోయింది. మా నాయనమ్మకి బాప్తిస్మం కాకముందు పేరు పెంటమ్మ. అంతకుముందు పిల్లలు వరసగా పోతే, ఇదన్నా ఉండాలని పుట్టగానే పెంటకుప్ప మీద పడుకోబెట్టి తెచ్చుకున్నారట. పుల్లమ్మ అంటే ఎంగిలి విస్తళ్ళలో పొర్లించిన పిల్ల. పారేసినదాన్ని చావు కూడా ముట్టుకోదని నమ్మకం. ముందువాళ్ళు పోకుండా ఏ తల్లీ కావాలని ఆ పేరు పెట్టదు.

మరి నా సున్నా ఏమిటి?

23 సెప్టెంబరు, శుక్రవారం

ఆ ఆడవాళ్ళు అబద్ధం చెప్పలేదు. అంత నమ్మకంగా ఎవరూ అబద్ధం చెప్పలేరు. తప్పు ప్రశ్నలో ఉండాలి. పొద్దున కాఫీ తాగుతుంటే అమ్మ పక్కింటి ఎలీసబెతు గారి కూతురి సంగతి ఎత్తింది. పాపం మొదటిది దక్కలేదు, ఇదన్నా నిలవాలి అంది. గ్లాసు కింద పెట్టేశాను. పసిపిల్లల గురించి అమ్మ నోట చచ్చిపోయింది అన్న మాట నేనెప్పుడూ వినలేదు.

అక్కడికక్కడే పైలట్ స్టడీ చేశాను. అమ్మ బియ్యం చెరుగుతోంది. ముందు మా సర్వే ప్రశ్నల షెడ్యూల్లో ఉన్నది ఉన్నట్టు అడిగాను, నీకు పుట్టి చనిపోయిన పిల్లలెంతమంది అని. ఎవరూ లేరు, నువ్వూ మీ తమ్ముడు జీవానందమేగా, పొద్దున్నే ఏం మాటలవి అని కసిరింది.

అయితే దక్కనివాళ్ళెంతమందని అడిగాను.

చేట ఆగింది. ఇద్దరు అంది. నీకూ తమ్ముడికీ మధ్య. ఒకడు పది రోజులున్నాడు, అచ్చం మీ నాన్న ముక్కు అంది. తరవాత మళ్ళీ చెరగడం మొదలుపెట్టింది.

నాకు ఇరవై ఆరేళ్ళు. స్టాటిస్టిక్స్ ఎం.ఎ. మా ఇంట్లో ఎంతమంది పుట్టారో నాకు తెలియదు. గదిలోకొచ్చి తలుపేసుకుని ఏడ్చాను. ఆ తరవాత ముఖం కడుక్కుని ప్రశ్న మార్చి రాశాను.

26 సెప్టెంబరు, సోమవారం

ప్రకాశరావు గారు ఒప్పుకోలేదు. సర్వే ముగిసింది, అంకెలు హైదరాబాదు వెళ్ళిపోయాయి, ఇప్పుడు మాట మార్చి అడిగితే నవ్విపోతారు అన్నారు. మరణం అంటే మరణం, దక్కలేదు అంటే ఏ డెఫినిషను అని అడిగారు. వాళ్ళకి తెలిసిన డెఫినిషను సార్ అన్నాను. వెళ్ళి పని చూసుకోమన్నారు.

ఆర్డరు ఆయన టేబుల్ మీదే ఉంది. అంకమ్మకి నవంబరులో పురుడు.

5 అక్టోబరు

లీవ్ లెటర్ పెట్టేశాను. శాంక్షన్ కోసం ఆగదలుచుకోలేదు.

8 అక్టోబరు, శనివారం. దిబ్బపాలెం

సౌభాగ్యమ్మ గారింట్లో దిగాను. పిల్లలున్న ప్రతి ఇంటికీ మళ్ళీ వెళ్ళాను. మొదట అంకమ్మ దగ్గరికే.

దక్కనోళ్ళా అండీ, ముగ్గురండీ అంది వెంటనే. నీళ్ళెన్ని బిందెలు తెచ్చావంటే చెప్పినట్టు. ముగ్గురూ వారం తిరక్కుండానే పాలు మానేసి, దవడలు బిగుసుకుని పోయారట. బొడ్డు కోసింది చేపలు కోసే కత్తితో. మొన్న సర్వేలో ఎవరూ లేరన్నావేం అంటే ఆశ్చర్యపోయింది. మీరు సచ్చిపోయినోళ్ళని అడిగారండీ, ఆళ్ళకి బారసాలన్నా కాలేదు, పేరన్నా లేదు, సచ్చిపోయారని ఎట్టా అంటామండీ అంది. కడుపుతో ఉండి ఆ మాట నోటితో అనకూడదని కూడా చెప్పింది.

ఇరవై ఒకటో రోజున పేరు పెడితేగాని ఇక్కడ పిల్ల పుట్టినట్టు కాదు. పుట్టనివాళ్ళు చచ్చేదెట్లా? మా షెడ్యూలుకి ఆ సంగతి తెలియదు. రాసిన నాకూ తెలియదు.

ప్రతి ఇంట్లో అదే కథ, అవే దవడలు, అదే కత్తి. తుప్పు కత్తితో వచ్చే ధనుర్వాతం అన్నారు సౌభాగ్యమ్మ గారు. ఒకావిడ తలుపేసుకుంది. ఒకావిడ ఇన్నాళ్ళకి అడిగారా అని నా చెయ్యి పట్టుకుని వదల్లేదు. మే నెల నుంచి సౌభాగ్యమ్మ గారు మరిగించిన కత్తెరతో బొడ్డు కోసినవాళ్ళలో ఒక్కరికీ దవడలు బిగుసుకోలేదు.

అంతా కూడితే, అయిదేళ్ళలో పుట్టినవాళ్ళలో అయిదో వంతు పోయారు. మూడుసార్లు కూడాను. నా కూడికలు తప్పవు.

12 అక్టోబరు, బుధవారం. బందరు

కొత్త టేబుల్ ప్రకాశరావు గారి ముందు పెట్టాను. కేకలేశారు. లీవ్ శాంక్షన్ కాలేదన్నారు, మెమో ఇస్తానన్నారు, పేరు కూడా లేనివాళ్ళు లెక్కలోకి ఎలా వస్తారన్నారు. నాకూ ఒళ్ళు మండింది. సార్, భోజనానికి ఇంటికెళ్ళినప్పుడు మీ అమ్మగారిని దక్కనివాళ్ళెంతమందని అడిగి రండి, ఆ తరవాత మెమో ఇవ్వండి అన్నాను. పక్క గదిలో టైపు మిషను ఆగిపోయింది.

ఆయన నాలుగింటికి గాని తిరిగి రాలేదు. కళ్ళజోడు తీసి తుడుచుకున్నారు, పెట్టుకున్నారు, మళ్ళీ తుడుచుకున్నారు. ఇంట్లో ఏం విన్నారో చెప్పలేదు, నేనూ అడగలేదు. దక్కలేదు అన్నదాన్ని ఇంగ్లీషులో ఏమని వెయ్యాలమ్మా అని మాత్రం అడిగారు. తెలుగులోనే ఉంచండి సార్ అన్నాను.

కేంద్రం ఎత్తేసే ఆర్డరు క్యాన్సిల్. సౌభాగ్యమ్మ గారు దిబ్బపాలెంలోనే ఉంటారు. గుడివాడ వైపు ఊరికి ఇంకొకరిని అడుగుతూ నోట్ రాశాను. ఈసారి ప్రశ్న సరిగ్గా వేశాను కాబట్టి సంతకం గట్టిగా చేశాను.

28 నవంబరు, సోమవారం

సౌభాగ్యమ్మ గారు కబురు పంపారు. నిన్న పొద్దున అంకమ్మకి ఆడపిల్ల. తల్లీ పిల్లా కులాసా.

బారసాల దాకా ఆగలేదట. బొడ్డు కోస్తుండగానే పేరు పెట్టేసిందట, అచ్చమ్మ అని. అంత తొందరేమిటే అని సౌభాగ్యమ్మ గారు కోప్పడితే, ఏమన్నా అయితే లెక్కలోకి రావాల కదండీ అందట.