కనపడని చోట నలభై అంచులు

2025 జూలై 7, ధర్మవరం

నాకు చదువు రాదు. నేను చెప్తాంటే నా కూతురి కూతురు వైష్ణవి రాస్తాంది. ఎవురికీ చూపించేది కాదు. రేపు ఎవురన్నా మాట మారిస్తే నా మాట ఒకచోట ఉండల్ల, అంతే.

మార్కండేయులు అంగట్లో చీరల డిజైన్లు కంప్యూటర్లో గీసి మగ్గాలకు చిల్లుల అట్టలు కొట్టిస్తారు. నాలుగేండ్లుగా గీసేది వైష్ణవే. దాంట్లో నలభై అంచులు నావి. నేను పోగుల లెక్క చెప్తే అది గీసింది. ఇప్పుడు ఆ నలభై లేవంట. వైష్ణవే డిలీట్ చేసిందని మార్కండేయులు దాన్ని పనిలోనుంచి తీసేసినాడు. స్టేషన్లో కంప్లైంట్ ఇస్తానంటాండాడు.

చేసినావా అని అడిగినా. డిలీట్ చేయలేదవ్వా అనింది. చాలు నాకు.

జూలై 8

అది అన్నం తినలా. నాకూ కాలు ఒకచోట నిలవడం లేదు.

జూలై 9

అంగడి ముందర నిలబడి అరిచినా. ఏమప్పా మార్కండేయులూ, మీ నాయనకు నూలు కండె చుట్టడం నేర్పించింది నేను, నా మనవరాలి మీద నింద వేస్తావా అన్నా. డిలీట్ చేసుంటే నేను మళ్లా మగ్గం గుంతలో కాలు పెట్టను అన్నా. వీధంతా వినింది. ఫోన్లో నంబరు కొట్టడం రాదు, నీకెందుకవ్వా ఇవన్నీ అన్నాడు. నీకు పోగుల లెక్క రాదు, నీకు అంగడెందుకప్పా అన్నా.

జూలై 11, సాయంత్రం

రైలెక్కి పెనుకొండకు పోయొచ్చినా. ఆడ రాజశేఖర్ అని కంప్యూటర్లు రిపేరు చేస్తాడు. డిలీట్ చేసుంటే జాడ దొరుకుతుందంట. ఆదివారం వస్తానన్నాడు. ఆయప్ప ఎందుకవ్వా, వదిలేద్దాం అనింది వైష్ణవి. కసురుకున్నా.

జూలై 13, మధ్యాహ్నం

రాజశేఖర్ వచ్చి అంగడి కంప్యూటర్లో పెన్ డ్రైవ్ పెట్టి వెదికినాడు. డిలీట్ చేసిన జాడే లేదన్నాడు. విన్నావా అని మార్కండేయుల మీదికి పోయినా.

అంతటితో ఆపుంటే బాగుండు. ఇంకోటి చూస్తానని ఒక చిన్న ప్రోగ్రాం ఓపెన్ చేసినాడు. కంప్యూటర్ ఆన్ అయ్యేదానికి లోపల దానికంటూ ఒక చోటు ఉంటుందంట. బూట్ పార్టిషన్ అంట. మామూలుగా మనకు కనపడదు. ఈ ప్రోగ్రాం దానికొక అక్షరం పేరు పెడితే తెరుచుకుంటుందంట. తెరుచుకునింది.

ఆడ ఉండాయి నా నలభై అంచులు.

డిలీట్ కాలా అని అరిచినా. అరిచినాక గాని తట్టలా నాకు. అవి వాటంతట అవి ఆడికి నడుచుకుంటా పోలేదు. ఆ కంప్యూటర్ ముందర కూచునేది ఒక్కతే. ఎవురు దాచినారో రేపు పెద్దమనుషుల ముందర తేలుస్తా అన్నాడు మార్కండేయులు.

జూలై 13, సాయంత్రం

వైష్ణవిని అడిగినా. చెప్పింది. హిందూపురంలో పవర్‌లూమ్ ఓనరుకు నా అంచులు అమ్మేదానికి మార్కండేయులు బేరం కుదుర్చుకున్నాడంట. అది విని దాచిందంట. డిలీట్ చేయలేదని నాకు చెప్పింది నిజమేనంట.

నిజమే.

కొడదామని చెయ్యెత్తినా. ఎత్తిన చేత్తో కొంగు సర్దుకున్నా. వైష్ణవి ఇది రాస్తా రాస్తా ఆగిపోయింది. రాయి అన్నా.

జూలై 14, పొద్దున

అంచులు దాయమని చెప్పింది నేనే, రుక్మిణమ్మను. యాడ దాయల్లో, ఎట్ల దాయల్లో కూడా నేనే చెప్పినా. దానికేమీ తెలీదు. పెద్దమనుషులకు చూపించే కాయితం ఇది, ఇట్లే రాయి. ఏడవకుండా రాయి, అక్షరాలు వంకర పోతాండాయి. వేలిముద్ర యాడ వెయ్యల్లో చూపించు.