ఒకే బండి మీద వాయిదాకి

రత్నం,

మళ్ళీ వాయిదా. నర్సీపట్నం వెళ్తున్నాను. కరెంటు రాగానే మోటారు వేసి చెరకుకి నీళ్ళు పెట్టు. గేదెకి కుడితి పెట్టు.

మన కౌలు భూమి ఖాళీ చెయ్యమని కేసేసిన నాయుడు గారే పొద్దున్న వచ్చారు. "మోకాళ్ళు పీకేస్తన్నాయిరా సింహాద్రీ, బస్సెక్కలేను. నీ బండి మీద ఎక్కించుకెల్లు" అన్నారు. కాదనలేకపోయాను. కోర్టు గేటుకి ముందే దింపేస్తాను, మన లాయరు చూస్తే నన్ను చంపేస్తాడు. ఇవాళా ఏమీ తేలదు. పేరు పిలిస్తే పలికి రావడమే.

తిట్టుకోకుండా రాత్రికి ఒక గ్లాసు బియ్యం ఎక్కువ పొయ్యి. ఆయనింట్లో వండేవాళ్ళు లేరు.

సింహాద్రి

కూరలో ఉప్పు తగ్గించు, ఆయనకి బీపీ. ఆయనకేమైనా అయితే కొడుకులతో కేసు మళ్ళీ మొదటినుంచీ నడపాలి. నాకంత ఓపిక లేదు.