నాన్న గుమ్మంలో నిలబడి చూసిన నాటకం

ఫిలడెల్ఫియా,
1953 మార్చి 17.

నాయనా హెర్షెల్,

నీ గొంతునొప్పి తగ్గిందా? మా కోడలు ఈడాకు నడుము ఎలా ఉంది? చంటిది నవోమికి పన్ను వచ్చేటప్పుడు జ్వరం రాలేదు కదా? ఇక్కడ మేమిద్దరం బాగానే ఉన్నాం, నా మోకాలు ఒక్కటే మాట వినడం లేదు. స్టూడియోలో ఆ దీపాల వేడికి తడిసిపోయి అలాగే చలిలోకి వస్తావట, ఈడా రాసింది. మెడకు గుడ్డ చుట్టుకోకుండా బయటికి రాకు.

టెలివిజన్‌లో నీ నాటకం నాన్న చూశారా, ఏమన్నారు అని అడిగావు. ముప్ఫై ఏళ్లు వేదిక కింద గూట్లో కూర్చుని నటులకు మాటలు అందించిన మనిషి ఔనంటేనే నీది నాటకమని నీ పట్టుదల. నాకు తెలియదా?

ఆదివారం మెట్లమీద మంచు గడ్డకట్టింది. పడతానేమోనని నాన్నే నన్ను పట్టుకుని పక్కింటి పించిక్‌గారమ్మ ఇంటికి తీసుకెళ్లారు. తాను మాత్రం గుమ్మంలోనే ఆగిపోయారు.

"లోపలికి రండయ్యా, టెలివిజన్ పెట్టె కరవదు," అందావిడ.

"నాటకం మధ్యలో ఆపి సబ్బులమ్మేదాన్ని నిలబడి చూస్తే చాలు," అన్నారు నాన్న.

నాటకంలో నీ తాత వేషం వేసిన ముసలాయన ఓడ కథ చెబుతూ ఆగాడు చూడు, దుఃఖం అనుకుని పించిక్‌గారమ్మ గట్టిగా ఏడ్చేసింది. నువ్వు అతని గ్లాసులో టీ పోసి, "తాతా, ఓడ ఎక్కేటప్పుడు అమ్మమ్మ నీ చేతిలో ఏం పెట్టింది?" అన్నావు. "తాళంచెవి" అంటూ అతను మళ్లీ అందుకున్నాడు.

"తర్వాత ఏడవండమ్మా, నటులు పనిచేస్తున్నారు!" అని నాన్న గద్దించారు. లోపలికొచ్చి నా పక్కన కూర్చున్నారు. "ముసలాడు మాట మరిచిపోయాడే. నీ కొడుకు అందించాడు. దేశమంతా అప్పటికప్పుడు చూస్తుంటే ఒక్కడికీ తెలియకుండా! నేను గూట్లోంచి గుసగుసలాడితే మూడో వరుస దాకా వినపడేది. ఇది నాటకమేనే."

నాకు గుండె నిండిపోయింది నాయనా. కానీ ఒకటి చెప్పాలి, కోప్పడకు. ఇంతకుముందు నాన్న చూశారని, బాగుందన్నారని రాసిన ఆరు ఉత్తరాలూ అబద్ధాలే. నువ్వు దిగులుపడి తిండి మానేస్తావని భయపడ్డాను. ఆయన ఒక్కసారీ ఆ గడప తొక్కలేదు. ఈ ఉత్తరంలో మాత్రం నేను ఒక్క ముక్కా కలపలేదు. నమ్ముతావో లేదోనని ఇది మూడోసారి తిరగరాయడం.

నాన్నకు చదివి వినిపించాను. "వాడు నమ్మకపోతే నేనే వెళ్లి చెబుతాను. వాడు పనిచేసే చోట నిలబడి చూస్తాను," అన్నారు. రైలు టికెట్లు కూడా తెచ్చేశారు. పస్కా పండుగ వెళ్లాక, ఏప్రిల్ 12, ఆదివారం పొద్దుటి బండికి వస్తున్నాం.

ఇట్లు,
నీ అమ్మ