బాయి ఆట ఎక్కడ పోయిందంటే

మన భాను వాళ్ల నాయినా, నేను అంగన్‌వాడీ మీటింగుకు టేకులపల్లి పోతున్న. అన్నం కుక్కర్‌ల ఉంది. చింతచిగురు పప్పు వేడి చేసుకొని తిను. బొగ్గు మసితోని సోఫాల కూసోకు.

నీ ఆట యాడికి పోలే. టీవీ డబ్బా అప్‌డేట్ అయ్యి దాని జాగ మారింది. రిమోట్ మీద ఇల్లు బొమ్మ నొక్కి, యాప్స్‌ల గేమ్స్ చూడు, అన్నిటికన్నా చివర్న ఉంటది. మైకుల "బాయి ఆట, బాయి ఆట" అని అరవకు. మనం బొగ్గు గనిని బాయి అంటమని దానికేం ఎరుక? నిన్న నువ్వు అరిస్తే పొలం బాయిల మోటర్ దించే వీడియోలు పెట్టింది. అవి కూడా కూసోని చూసినవ్.

పొద్దంతా బాయిల బొగ్గు తవ్వి, ఇంటికొచ్చి టీవీల బొగ్గు తవ్వే మనిషిని నిన్నే చూసిన. సోమవారం నడుం నొప్పని డ్యూటీకి నాగా పెట్టినవ్. ఆటకు మాత్రం ఒక్క నాగా లేదు.

నీ చాయ్ ఫ్లాస్కుల పోసిన.

సునంద

ఇంకోటి. నువ్వు డ్యూటీకి పోయినంక నేనూ ఆడిన. పైకప్పు రెండుసార్లు మీద కూలింది. ఆటల నీకున్న మూడు పానాలల్ల ఒక్కటే మిగిలింది. బాయిల నీకు మొదటి సంది ఒక్కటే.