కాలివేలికి సిరా పెడతారా?

అంగన్‌వాడీ సుమిత్ర టీచరుకు నమస్తే.

మీరు ఇచ్చిన ఓటు చీటీ అందింది, కానీ ఒకటే పరేషాన్‌గా ఉంది. నేను మందుల కంపెనీలో ప్యాకింగ్ చేస్తాను. మొన్న తమ్ముని పెళ్లికి మైదాకు పెట్టుకుని డ్యూటీకి పోతే, "చేతికి రంగుంటె లోపలికి రావద్దు. గా రంగు పోయినంకనే రా" అని సూపర్‌వైజర్ గేటు నుంచే పంపించాడు. ఓటు సిరా మైదాకు కన్నా మొండిదట. అడగడానికి సిగ్గుగా ఉంది, సిరా కాలివేలికి పెట్టమని ఆఫీసర్లకు చెప్పగలరా?

కుదరదంటే చేతికే పెట్టమనండి. ఓటుకు మాత్రం వస్తాను. కొత్త సర్పంచైనా మా వాడ బోరు గురించి మా కంపెనీని అడగాలి. ఆ నీళ్లకు బిందెలన్నీ పసుప్పచ్చగా మారాయి, ఎంత తోమినా పోవడం లేదు. ఆ రంగును మాత్రం ఏ గేటు దగ్గరా ఎవరూ ఆపలేదు.

మీ వాడకట్టు చెల్లె