ధర్మవరం నేతగాడు వేసిన ఎత్తు

బెంగళూరు, శుక్రవారం

పూజ్యుడైన అన్నకు తమ్ముడు నాగరాజు నమస్కరించి రాసేది. నేను ఇక్కడ కులాసా. నువ్వు, వదిన, పిల్లలు అంతా బాగున్నారని తలుస్తాను. అమ్మ మోకాలి నొప్పి ఎలా ఉంది? చిన్నదానికి జ్వరం తగ్గిందా? పట్టునూలు దొరుకుతోందా, లేక మగ్గం ఇంకా ఖాళీగానే ఉందా? అన్నీ వివరంగా రాయి.

నా గురించి దిగులు పడవద్దు. ఆషాఢం వచ్చిందంటే ఈ ఊళ్లో పొద్దున లేచింది మొదలు తుంపర. చలికి వేళ్లు కొయ్యబారి అచ్చక్షరాలు జారిపోతుంటాయి. యుద్ధం వచ్చిన దగ్గర్నుంచి మెస్సులో బియ్యం కనబడటం లేదు, రెండు పూటలా రాగి ముద్దే. తింటున్నాను, బాగానే ఉన్నాను. వదినను అడిగి కొంచెం చెనక్కాయల పొడి పంపించు. మాట్లాడుకోవడానికి మన వైపు మనిషి ఒక్కడూ లేడు, అదొక్కటే లోటు.

ఇక అసలు సంగతి. ఈ ఉత్తరం కోపంతో రాస్తున్నాను. ఆ కోపంలో కొంత నీ మీద కూడా.

మా ప్రెస్సుకు ఇక్కడి చదరంగం క్లబ్బువాళ్ల పుస్తకం ఒకటి అచ్చుకు వచ్చింది. పేరున్న ఆటగాళ్ల చరిత్రలట. కన్నడంలో ముప్పై పేజీలు, ఎవరి సంగతి వాళ్లే రాసిచ్చారట. పేర్చే పని నాది. ఒక ఇంజనీరు దొరతో ఆడి ఓడకుండా బయటపడ్డాడట. గెలవలేదు, ఓడలేదు, అంతే. దానికి పేజీన్నర! ఒక వకీలు వెండి గ్లాసులో కాఫీ ముందుంటే తప్ప ఆడడట. అదీ రాశారు. ఆ వకీలు పేజీలోనే ఈ వాక్యం ఉంది: "ఆరేళ్ల కిందటి పోటీలో ధర్మవరం నుంచి వచ్చిన ఒక నేతగాడు, రాజును గుర్రంలా దూకించి మోసం చేయబోయి పట్టుబడ్డాడు."

ధర్మవరం అన్న మాట చేత్తో పేర్చాక గాని నాకు తట్టలేదు. ఆరేళ్ల కిందట ధర్మవరం నుంచి ఇక్కడికి వచ్చి ఆడింది నువ్వు కదా! తిరిగొచ్చి తలనొప్పి వల్ల ఓడిపోయానన్నావు. పావులు పక్కింటివాళ్లకు ఇచ్చేశావు. ఆ తర్వాత బల్ల ముట్టలేదు. మేము దిష్టి తగిలిందనుకున్నాం.

నాకు అరికాలి మంట నెత్తికెక్కింది. మగ్గం గుంటలో కూర్చుని, బల్ల వైపు చూడకుండా, నోటితో ఎత్తులు చెబుతూ ముగ్గురిని ఒకేసారి ఓడించిన మనిషివి. అటు ఆట సాగుతుంటే ఇటు చీర అంచులో ఒక్క పోగు తప్పేది కాదు. పన్నెండేళ్లకే కదిరిలో పెద్దలను కూర్చోబెట్టి ఆట కట్టించావు. అవన్నీ ఎవరు రాశారు? నీకు మిగిల్చింది "ఒక నేతగాడు" అనీ, మోసమనీ! ఎదుటివాడు రాజును ఒక్కసారి కూడా బెదిరించకముందు, ఆట మొత్తంలో ఒకే ఒక్కసారి, రాజు గుర్రంలా దూకవచ్చని మన వైపు పసిపిల్లలకు కూడా తెలుసు. అది మోసమా?

నేను పేర్చనని మా ఓనరుతో చెప్పాను. ఆయన తాతల కాలం నుంచి ఇక్కడే ఉన్న తెలుగువాడు. "ఏమప్పా నాగరాజూ, పేర్చేది మన పని. అది నిజమో సుళ్ళో చూసేది మనది కాదప్పా. మాట మార్చాలంటే ఆ వకీలు సైను ఉండాల" అన్నాడు. నేను మరునాడు పొద్దున్నే ఆ కాగితాలు తీసుకుని వకీలు ఇంటికి వెళ్లాను.

వకీలూ మన తెలుగాయనే. మొదట మర్యాదగానే కూర్చోమన్నాడు. నేను ఫలానా నేతగాడి తమ్ముడినని చెప్పగానే గొంతు మారింది.

"క్లబ్బులో ఇంగ్లీషు ఆటప్పా. రూలు గోడకు వేసిండారు. మీ అన్న చూసుకోవాల్సింది."

"ఇంగ్లీషులో వేస్తే మా అన్న ఎట్ల చదువుతాడు సార్? నాటు ఆట ఆడేవాళ్లూ రావచ్చని పిలిచింది మీరే కదా. ఒక్కరన్నా ఆ మాట చెప్పినారా?"

"దానికి నేనేం చేసేది? ఆ దూకు నాకూ తెలీదు. ఏందో మోసం అనుకుంటిని."

ఆ మాట విని లోపలి గదిలోంచి ఆయన తల్లి బయటకు వచ్చింది. ఎనభై ఏళ్లుంటాయి. చేతిలో చిక్కుడుకాయల చేట అలాగే ఉంది.

"ఏమిరా, తెలీదంటివా? నీకు ఎనిమిదేండ్లప్పుడు ఆ దూకు నేర్పింది నేను కాదా? మన ఇంట్లో అందురూ అట్లే ఆడ్తా ఉంటిమి కదరా!"

వకీలు ముఖం చూడాలి అన్నా. కోర్టులో అంత నోరున్న మనిషి నెమ్మదిగా అన్నాడు: "మధ్యవర్తి కంటోన్మెంటు ఆయనమ్మా, నాటు ఆట తెలీదు. తప్పని ఆయనే అనె. నేను గమ్మున ఉంటిని. ఇంగ మూడెత్తులుంటే నా ఆట కట్టే."

"గమ్మున ఉండి గెలిస్తివి, సరే. మోసమని ఎందుకు రాస్తివి?" అంది ముసలామె.

ఆయన కలం తీసి ఆ వాక్యం కొట్టేయబోయాడు. నేను వద్దన్నాను. కొట్టేస్తే ఆయన పీడ వదులుతుంది గాని, నీకు ఏం దక్కుతుంది? ఆరేళ్లుగా ఆ క్లబ్బులో ఈ కథ చెప్పుకుని నవ్వుతున్నారు. జరిగింది జరిగినట్టు రాయమన్నాను. యుద్ధం వల్ల కాగితం కరువు, ఒక్క పంక్తి కూడా పెంచే వీలు లేదని కూడా చెప్పాను. ముసలామె చేట కింద పెట్టి, కొడుకు రాస్తేగాని లేవనన్నట్టు ఆయన ఎదురుగా కూర్చుంది. ఆయన ఆ మోసం వాక్యంతో పాటు, తనను గురించిన పొగడ్త రెండు పంక్తులు కూడా తానే కొట్టేశాడు. ఆ చోట రాయడానికి కలం పెట్టి ఆగాడు.

"మీ అన్న పేరేమప్పా?"

నీకు ఎదురుగా కూర్చుని ఆడాడు. ఆరేళ్లు మోసగాడని చెప్పుకున్నాడు. నీ పేరు తెలియదు! "కొండప్ప" అన్నాను. ఆ వీధంతా వినబడేట్టు అన్నాను.

ఆయన రాసింది ఇది: "ఆరేళ్ల కిందటి పోటీలో ధర్మవరం కొండప్ప మన పాత పద్ధతి ప్రకారం న్యాయంగా ఆడాడు. ఆ పద్ధతి నాకు తెలిసీ చెప్పలేదు. ఆ ఆట ఆయనది." కింద సంతకం చేశాడు. ప్రెస్సుకు తెచ్చి చూపిస్తే ఓనరు కళ్లద్దాలు తుడుచుకున్నాడు. దాన్ని పేర్చి తీసిన ప్రూఫు కాగితం ఈ కవరులోనే పెడుతున్నాను. కన్నడ అక్షరాలే అయినా నీకు అర్థమవుతాయి.

అన్నా, నిన్నొకటి అడుగుతాను, కోప్పడవద్దు. ఇంత అవమానం ఒక్కడివే ఎందుకు మింగావు? నాకైనా చెప్పి ఉంటే ఆ రోజే వచ్చేవాడిని కదా. నువ్వు ఆట మానేసిన రోజు నుంచి మన ఇంట్లో నవ్వు తగ్గింది. అది నీకు తెలుసో లేదో.

వకీలు మళ్లీ నీతో ఆడాలని ఉందన్నాడు. నీ తరఫున నేను మాట ఇవ్వలేదు. రమ్మంటావో వద్దంటావో నువ్వే రాయి.

అమ్మ పాదాలకు నా దండం చెప్పు. వదినకు నమస్కారం, పిల్లలకు ముద్దులు. పెద్దమామను, వీధిలోవాళ్లను అడిగానని చెప్పు. నిన్ను మోసగాడన్న ఈ ఊళ్లో నీ పేరును ఒక్కొక్క అక్షరంగా సీసంతో పేర్చింది నేనే. ఆ గర్వంతో నీ ఆశీర్వాదం కోరే

తమ్ముడు
నాగరాజు